పురికొస పీకిన వదిన

మన దేశపు ఆడపిల్లల గోల్‌బాల్ జట్టుకి ఒక మంచి ఆటగత్తె దక్కకుండా పోవలసింది. అందుకు పరాయి దేశమేదీ కుట్ర పన్నలేదు. కాశీబుగ్గలో జీడిపప్పు పొట్టు తీసుకునే నేనొక్కదాన్నే సరిపోయాను. అదీ పగబట్టి చేసింది కాదు, ప్రేమతో చేశాను. ప్రేమతో చేసే పాడుపని ఎంత శుభ్రంగా ఉంటుందో ఇప్పుడు మీరే చూస్తారు. నవ్వొస్తే నవ్వుకోండి. ఆవేళ అంతమంది నా ముందే నవ్వితే బతికి బట్టకట్టినదాన్ని, మీ నవ్వొక లెక్కా?

మాది మందస పక్కన ఉద్దానం పల్లె. నేను కాపురానికి వచ్చేనాటికి మా ఆడపడుచు వరాలు నా నడుమెత్తు కూడా లేదు. పుట్టుకతోనే దానికి చూపు లేదు. ఊళ్ళో ఎవరు ఎదురైనా దాన్ని చూసి "అయ్యో" అనేవారు. నీళ్ళకి వెళ్తే అయ్యో, కొట్టుకి వెళ్తే అయ్యో. "బళ్ళో ఏసేదాకా నా పేరు అయ్యో అనే అనుకున్నాను వదినా. మేష్టారు వరలక్ష్మీ అని పిలిస్తే ఎవలో అనుకొని పలకనేదు" అనేది ఆ గుంట. మా వైపు గుంట అంటే చిన్నపిల్ల.

నేను మాత్రం అయ్యో అనే రకాన్ని కాను. అంతకన్నా ప్రమాదకరమైనదాన్ని. నేను సర్దే రకం.

వరాలు గదిలోంచి బయటికి అడుగు పెడుతోందంటే చాలు, దాని ముందు నేను పోలీసు జీపులా పరిగెత్తేదాన్ని. రోకలి ఇటు, కోడిగంప అటు, బిందె మూలకి. ఆ పిల్లకేమో ఇంట్లో ఏ వస్తువు ఎక్కడుంటుందో కంఠతా వచ్చు. నేను జరిపినదానికల్లా ఠంచనుగా వెళ్ళి గుద్దుకునేది.

"వదినా, బిందెక్కడెట్టినావు?"

"నీ కాళ్ళకి అడ్డం వత్తాదని అవతల ఎట్టినానమ్మా."

"అవతలెట్టబట్టే కదా తగిలింది! ఉన్నకాడ ఉంచితే దాని దారి దానిది, నా దారి నాది."

బుద్ధున్నదైతే అక్కడితో మానేస్తుంది. నేను బిందెని ఇంకో మూలకి మార్చేదాన్ని.

తరవాత వరాలుని టెక్కలి దగ్గర, కళ్ళు కనపడని ఆడపిల్లల హాస్టల్లో చేర్చారు. అక్కడ ఆటలు నేర్పే గ్రేసు టీచరు చేతిలో పడి మా పిల్ల గోల్‌బాల్ నేర్చుకుంది. సెలవలకి వచ్చి ఆ ఆట మాకు వివరించింది. ఇటు ముగ్గురు, అటు ముగ్గురు. అందరి కళ్ళకీ గంతలు. బంతి లోపల మువ్వలుంటాయి. అవతలివాళ్ళు బంతిని నేల మీద దొర్లిస్తే ఆ చప్పుడు విని, నేల మీద అడ్డంగా పడి, ఒంటితో ఆపాలి. ఆపి, లేచి, తిరిగి అవతలి గోల్లోకి విసరాలి.

"కనపడనోలికి మల్లా గంతలేటే?" అన్నాను.

"కొందరికి పిసరు కనపడతాది వదినా. గంత కట్టీసినాక అందరం ఒకటే. నీకూ కట్టి నిలబెట్టాల, అప్పుడు సూడాల నీ పని!"

ఆ సెలవలంతా మా అత్త పెరట్లో నిలబడి ఎండుకొబ్బరికాయలు దొర్లించడం, వరాలు మొసలిలా వాటి మీద పడ్డం. "ఒలే, ఇది ఆటేటే? నా కొబ్బరికాయలకి పేనాలు పోతన్నాయి" అని మా అత్త గొణిగేది. గొణుగుతూనే ఇంకాస్త గట్టిగా దొర్లించేది.

రెండు వేల సంవత్సరం వచ్చి కొంచెం పాతబడిన రోజులవి. తుఫానుకి మా తోట పడిపోయి, నేను కాశీబుగ్గలో జీడిపప్పు పనికి వెళ్తున్నాను. అప్పుడు తెలిసింది, దేశం జట్టుకి ఆడపిల్లల్ని ఏరడానికి ఢిల్లీనుంచి ఒక మేడం వస్తోందని. హాస్టల్ పిల్లలు రెండు జట్లుగా ఆడి చూపించాలి. హాస్టల్లో అంత నున్నటి నేల లేదు. మా షావుకారు గోదాములో ఉంది, అద్దంలాంటి సిమెంటు నేల. నేనే షావుకారుని అడిగాను. ఆయన మంచి మనిషి, సరుకంతా ఎత్తించి గోదాము ఖాళీ చేయించాడు. అంటే గొప్పపని చేసిందీ నేనే. తరవాత దాన్ని తగలేసిందీ నేనే. రెండూ చెప్పుకోవాలి కదా.

ఆటకి ముందురోజు వరాలు నాతో అన్న మాట ఇది. "పదో తరగతి అయిపోనాది వదినా. పది దాటినోలిని హాస్టల్లో ఉంచరు. రేపు పేరు పడితే కేంపుకి ఎల్తాను. పడకపోతే ఇంటికొచ్చి నీ సర్దుళ్ళకి తగులుకుంటా బతకాల."

నవ్వుతూనే అంది. నా చెయ్యి మాత్రం గట్టిగా పట్టుకుంది.

మర్నాడు పొద్దున్నే గోదాము ఊడవడానికి నేను ముందు వెళ్ళాను. గ్రేసు టీచరు ముందురోజే నేల మీద తెల్లటి టేపుతో గీతలు వేసి, పిల్లల చేత ఆడించి వెళ్ళింది. ఊడుస్తూంటే నా కాలి బొటనవేలికి ఏదో తగిలింది. వంగి చూస్తే టేపు కింద పురికొస! గోనెసంచులు కట్టే పురికొస. ఒక గీత కింద కాదు, అన్ని గీతల కిందా.

కళ్ళున్న నాకే తగిలితే, కళ్ళు లేని పిల్లలు తట్టుకుని పడిపోరూ? ఢిల్లీ మేడం ముందు మా వరాలు బోర్లా పడితే? ఏ తెలివితక్కువ మనిషి టేపు కింద ఈ చెత్త వదిలేసింది అనుకున్నాను. చీపురు పక్కన పెట్టి కొంగు బిగించాను.

ఇక్కడ నా గోళ్ళ సంగతి చెప్పాలి. పప్పు చిట్లకుండా పొట్టు తీయడంలో మా షెడ్డులో నాకు సాటి లేదు. గుండుపప్పు నా చేతిలో బద్ద అవడం ఎవరూ చూడలేదు. ఆ గోళ్ళతోనే టేపు అంచు లేపి, కింద పురికొస లాగి, టేపుని మళ్ళీ అరచేత్తో రుద్ది అంటించాను. ఎక్కడా ముడత లేదు, చిరుగు లేదు. పొట్టు పోయిన సంగతి పప్పుకి తెలియనట్టే, పురికొస పోయిన సంగతి టేపుకి తెలియలేదు. ఆ పురికొసంతా ఉండచుట్టి పొయ్యిలో పడేసి టీ కాచుకున్నాను. అంత గర్వంగా నేనెప్పుడూ టీ తాగలేదు.

మధ్యాహ్నానికి జనం వచ్చారు. ఆవేళ ఏదో బందు. బజారంతా షట్టర్లు దించేసి ఉంది. బస్సుల్లేక మా ఊరి ఆడవాళ్ళు, మా అత్త, మా ఆయన లారీ ఎక్కి వచ్చారు. మేడం బండి ఆలస్యమైంది. సాయంత్రం మళ్ళీ రైలెక్కాలట, రాగానే "మొదలుపెట్టెయ్యండి" అంది. పుట్టిల్లు గుంటూరట, మన తెలుగే మాట్లాడింది. ఒక పక్కగా బల్ల వేసి కూర్చోబెట్టాం. షావుకారు ఆవిడ ముందు కూల్‌డ్రింకు, పళ్ళెం నిండా వేయించిన జీడిపప్పు పెట్టించాడు.

గ్రేసు టీచరు జనానికి దండం పెట్టింది. "ఈ ఆటకి చెవులే కళ్ళు. బంతి కదులుతున్నంతసేపూ ఎవరూ నోరు తెరవకూడదు. గోలు పడ్డాక మీ ఇష్టం, రేకులు లేచిపోయేలా అరవండి." మా ఊరి ఆడవాళ్ళని నోరు మూసుకోమనడమంటే భావనపాడు చేపల వేలంలో మౌనవ్రతం పట్టమనడమే. అయినా పట్టాం. షావుకారు తన సెల్‌ఫోను మోగుతుందేమోనని బియ్యం డబ్బాలో పాతిపెట్టాడు.

పిల్లలు వచ్చారు. గంతలు కట్టారు. నిలబడీ నిలబడగానే అందరూ వంగి నేలని తడమడం మొదలుపెట్టారు. భూదేవికి మొక్కుతున్నారనుకుని నేనూ చేతులు కళ్ళకద్దుకున్నాను.

"సూసినావా అత్తా, ఎంత భక్తో!" అన్నాను చెవిలో.

"భక్తి కాదే. ఏటో ఎతుకుతన్నారు."

వరాలు ముందుకి పాకింది. పక్కకి పాకింది. తిరిగింది, మళ్ళీ తిరిగింది. ఈల మోగింది. ఢిల్లీ మేడం చూస్తోంది, ఇప్పుడు నోరు తెరిచి అడిగితే తడబడినట్టుంటుందని కాబోలు, వరాలు పళ్ళు బిగించి బంతి అందుకుంది. ఆ బంతి పీచు తీయని కొబ్బరికాయంత బరువు. చెయ్యి వెనక్కి లాగి, ఒంట్లో బలమంతా పెట్టి దొర్లించింది.

మువ్వలు ఘల్లుమంటూ బంతి ఉరికింది. గోలు ఉత్తరాన ఉంటే ఆ బంతి తిన్నగా తూర్పుకి వెళ్ళి మేడం బల్లకాలిని కొట్టింది. బల్ల పడింది. కూల్‌డ్రింకు మేడం ఒళ్ళోకి, జీడిపప్పు నెత్తి మీదికి. అక్షింతలు పడ్డ పెళ్ళికూతురిలా కూర్చుంది పాపం.

"ఏంటమ్మా ఇది?" అంది మేడం.

"టీచర్!" అంది వరాలు, గీత మీదే చెయ్యి ఉంచి. "గీత కింద పురికొస నేదు. నాను ఎక్కడున్నానో ఎటు తిరిగున్నానో తెల్డం నేదు."

గ్రేసు టీచరు మోకాళ్ళ మీద కూలబడి గీతంతా వేలితో రాసింది. తల ఎత్తింది. "ఎవరు తీసేశారు?"

మెప్పు కోసం కాచుకుని ఉన్నదాన్ని, ముందుకొచ్చి చెయ్యెత్తాను. "నానేనండి టీచరమ్మా! గుంటలు తట్టుకొని పడిపోతారని మొత్తం పీకీసినాను. ఒక్క పిసరు మిగల్నేదు. మీరే సూడండి, ఎంత నున్నగా ఉన్నాదో!"

గోదాములో చప్పుడు లేదు. మామూలుగా ఆటకి కావలసినంత నిశ్శబ్దం ఉంటుంది కదా, దానికి రెట్టింపు.

"తల్లీ," అంది టీచరు. ఏడవాలో నవ్వాలో తెలియని ముఖం. "ఆ పురికొసే వాళ్ళకి గీత. మనం కళ్ళతో చూస్తాం, వాళ్ళు వేళ్ళతో పాదాలతో చూస్తారు. నువ్వు తీసింది అడ్డం కాదు, వాళ్ళ కళ్ళు తీసేశావు. ఆ ఉండ ఎక్కడుంది?"

"టీ కాసీసినాను."

గోదాములో ఉన్న పురికొసంతా టీచరు ఆ గీతలకే వాడేసింది. మిగిలింది బొటనవేలంత లావు కొబ్బరితాడు, టేపు దాన్ని పట్టుకోదు. బజారు చూస్తే బందు. మేడం చీర మీది జీడిపప్పు దులుపుకుంటూ గడియారం చూసుకుంది. "ఇలాంటి నేల మీద ఆడించి మార్కులు వేయడం అన్యాయం. వచ్చే ఏడాది వస్తానులే."

"వచ్చే ఏడు నాను ఉండను మేడం," అంది వరాలు.

వెనకనుంచి ఎవరో "అయ్యో" అన్నారు.

వరాలు చటుక్కున అటు తిరిగింది. "ఎవులది? అయ్యో అన్నోలు బయటికెల్లి అనుకోండి. మాకిక్కడ బంతి ఇనపడాల!"

ఎవరూ మళ్ళీ అనలేదు. ఊరు ఊరంతా దాని చిన్నప్పటినుంచీ అన్న అయ్యోలన్నీ ఒక్కసారిగా గొంతులో అడ్డం పడ్డట్టున్నాయి.

"మేడం, కాసేపు టైమియ్యండి. గీత మేమే ఏసుకుంటాం."

"దేనితో వేస్తావు?"

ఈలోగా నేను ముక్కు చీది రాగం ఎత్తుకున్నాను. "నా సేతులు ఇరిగిపోనూ, నా బంగారు తల్లి బతుకు..."

"వదినా! ఆపు. ఏడుపు తరవాత. నీ లంగాకి బొందుందా?"

"ఉన్నాది."

"ఇప్పీ."

"ఓలమ్మో! ఇంతమందిలో?"

"దేశం కోసం పేనాలిచ్చినోలున్నారు. నువ్వు బొందియ్యలేవా?"

మగవాళ్ళని, షావుకారుతో సహా, బయటికి తరిమేశాం. మూల వేలాడదీసిన టార్పాలిన్ పట్టా చాటుకి ఒక్కొక్కరే వెళ్ళడం, కుడిచేతిలో బొందుతో, ఎడమచేతిలో నడుముతో తిరిగి రావడం. హాస్టల్ ఆయాలు, మా పప్పు పనివాళ్ళు, మా ఊరివాళ్ళు, ఆఖరికి గ్రేసు టీచరు కూడా. ఎర్రవి, పచ్చవి, తెల్లవి, మట్టిరంగువి. మా అత్త మాత్రం మహారాణిలా కూర్చుంది. పాతకాలం మనిషి, లంగా ఎరగదు.

"మా కాలంలో ఈ బొందులూ నేవు, ఈ బాధా నేదు," అని కాలు మీద కాలేసుకుంది. "సీర ముడి బిగించినామంటే లంకకెల్లొచ్చినా జారదు."

గీత వేయడానికి నేను వంగితే టీచరు నా చెయ్యి పట్టుకుంది. "నువ్వొద్దు తల్లీ, నీకు దండం."

"వదిన సేతే ఎయ్యించండి టీచర్," అంది వరాలు. "పీకిన సెయ్యే ఎయ్యాల. పొట్టు తీసే గోళ్ళు, ముడత రాదు."

ఒక చేత్తో నడుము పట్టుకుని, ఒక చేత్తో టేపు లేపి, నోటితో బొందు పట్టుకుని గీతలన్నీ వేశాను. అన్నీ అయి, ఒక్క మూల గీత మిగిలింది. బొందులు అయిపోయాయి. ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం. తరవాత, ఎవరు ముందు చూశారో తెలియదు, అందరి చూపూ మేడం మీదికి తిరిగింది. ఆవిడ కూల్‌డ్రింకు చీర మార్చుకుని సల్వారు వేసుకుని ఉంది.

"నేనా?" అంది మేడం.

ఎవరూ మాట్లాడలేదు. మౌనంగా ఉండడం అప్పటికి బాగా అలవాటైపోయింది.

ఆవిడ నిట్టూర్చి పట్టా చాటుకి వెళ్ళింది. వచ్చి, సల్వారు గుప్పిట పట్టుకుని, ఎవరివంకా చూడకుండా కుర్చీలో కూర్చుంది. ఒక్క మాట అంది. "ఆట బాగుండకపోతే మాత్రం ఊరుకోను."

మగవాళ్ళని లోపలికి పిలిచాం. ఈల మోగింది.

ఇక ఆట ఏం చెప్పను! పిల్లలు వంగి గీత తడిమారు. ఒక్కొక్క ముఖంలో దీపం వెలిగింది. బంతి ఘల్లుమనడం, పిల్ల నేల మీద వాలడం, పక్కటెముకలకి బంతి ధన్ మని తగలడం. నాకు తగిలినట్టే ఉండేది, అరవడానికి లేదు. వరాలు పడుతోంది, లేస్తోంది, విసురుతోంది. పెరట్లో మా అత్త కొబ్బరికాయలు ఊరికే పోలేదు. చివరికొచ్చేసరికి రెండు జట్లకీ గోల్స్ సమానం. బంతి వరాలు చేతిలో ఉంది. అది వంగి గీత వెంట వేలు పోనిచ్చింది, ఒకచోట ఆగింది. అది నా బొందు. ఎప్పుడో తెగితే ముడేసుకున్నది. ఆ ముడిని బట్టి తను సరిగ్గా ఎక్కడుందో చూసుకుని, పెదవి కొరికి, విసిరింది.

అవతలి ముగ్గురూ వాలారు. వాళ్ళ కాలివేళ్ళ పక్కనుంచి మువ్వలు జారిపోయి గోల్లో పడ్డాయి.

గోలు పడ్డాక అరవచ్చు కదా! రేకులు లేచిపోయాయి. మా ఆడవాళ్ళంతా ఒక చెయ్యి ఎత్తి అరిచారు. తెలివైనవాళ్ళు. నేను? రెండు చేతులూ ఎత్తి ఎగిరి గంతేసి చప్పట్లు కొట్టాను.

చీర కొట్టలేదు. అది కిందికి వెళ్ళిపోయింది.

ఎక్కడున్నదాన్ని అక్కడే కూలబడ్డాను. మా అత్త వచ్చి తన కొంగు నా మీద కప్పింది. ఆవిడొక్కతే గదా నడుము పట్టుకోకుండా నడవగలిగింది! మా ఆయన గోడ వైపు తిరిగి భుజాలు ఊగేలా నవ్వుతున్నాడు. షావుకారు బియ్యం డబ్బాలో తల దూర్చాడు, ఫోను వెతుక్కుంటున్నట్టు.

"వదినా, ఏటయినాది? అందరూ ఎందుకు నవ్వుతన్నారు?"

"ఏటీ నేదమ్మా. కూకున్నాను."

మేడం పిలిచింది. "వరలక్ష్మీ, ఇలా రామ్మా. నేనే వచ్చేదాన్ని, లేవడానికి వీల్లేదు."

వరాలు గంత తీసి, ఆ గొంతు వచ్చిన వైపు నడిచింది. దారిలో ఎవరో వదిలిన కుర్చీ. పరిగెత్తి తీసేద్దామని ఒళ్ళంతా ఉలిక్కిపడింది. లేవలేను! ఇన్నేళ్ళలో మొదటిసారి దాని దారికి నేను అడ్డం పడలేదు. వరాలు కాలికి కుర్చీ తగిలింది. అది ఆగింది. చేత్తో తడిమి, ఆ కుర్చీని లాక్కుని మేడం ముందు వేసుకుని కూర్చుంది.

"నా పేరు రాసినారా మేడం?"

"రాద్దామనే. ఒక చెయ్యి సల్వారుకే సరిపోయింది, కాగితం ఎగిరిపోతోంది."

"కాగితం నాను పడతాను. మీరు రాయండి."

తన పేరు రాస్తున్న కాగితాన్ని రెండు చేతులతో నొక్కి పట్టుకుంది మా వరాలు. పెన్ను గీకుతున్న చప్పుడు తల వంచి వింటోంది. రాయడం అయిపోయినా చాలాసేపు వదల్లేదు.

అది కేంపుకి వెళ్ళింది. దేశం బట్టలు వేసుకుని ఆడింది కూడా. ఇంటికి వస్తే ఇప్పటికీ నా మీద ఆజ్ఞలే.

నేను మాత్రం ఆవేళ ఆ నేల మీద కూర్చునే గట్టి ఒట్టు పెట్టుకున్నాను. అడక్కుండా ఇక ఎవరి దారిలోంచీ పుల్లముక్క తీయను. ఎవరి ఆట చూడ్డానికి వెళ్ళినా రెండు బొందులు లేకుండా గడప దాటను. ఒకటి నా నడుముకి, ఒకటి దేశానికి.